సందేహం తీరిందండీ

మా బావ చెరకుకు ఎర్రకుళ్లు సోకింది. నరికాక మళ్లీ పిలకలేసిన ఆ తోటను ఉంచాలో దున్నేయాలో తేలక, ప్రభుత్వ రేడియోలో రైతుల సందేహాలు తీర్చే కార్యక్రమానికి ఫోన్ చేశాడు. అనకాపల్లి పక్కన వాళ్లింట్లో నేనూ ఉన్నాను.

లైన్ కలిపే ముందు అవతలి మనిషి, ఈ వారం మొక్కజొన్న గురించే అడగాలన్నాడు. బావ మొక్కజొన్న ఎప్పుడూ వేయలేదు. అయినా కత్తెర పురుగు గురించి అడిగాడు. నిపుణుడు ఓపికగా చెప్పాడు.

"మీ సందేహం తీరిందా అండీ?"

"తీరిందండీ. శానా సంతోసం."

ఫోన్ పెట్టేశాక అడిగాను. "నీకు మొక్కజొన్న ఎక్కడిది బావా?"

"అంత మరేదగా అడిగితే తీరనేదని ఎలాగ సెప్తాను? నువ్వు పేపరోడివి, నీకన్నీ అనుమానాలే."

కార్యక్రమం చివర, శ్రోతల సందేహాలన్నీ తీరాయని ప్రకటించారు. విలేకరిగా పనిచేసినవాడిని, అన్నీ అంటే నాకు నమ్మబుద్ధి కాదు.

నెల తిరిగేసరికి కుళ్లు పక్క మడికీ పాకింది. బావ రెండూ దున్నించేశాడు. ఆ కార్యక్రమం మాత్రం ఇప్పటికీ వింటాడు. నేనూ వింటాను. ఎవరైనా "తీరిందండీ" అంటే, ఆ మనిషి అసలు ఏం అడుగుదామని ఫోన్ చేశాడో అనుకుంటాను.