అత్త తిన్న బెండకాయ ఊరగాయ

మా బేస్తవారిపేట కర్నూలు జిల్లాలో ఉన్నప్పటి మాట. కొత్త కోడలిగా ఉన్న ఉత్సాహంలో బెండకాయ ముక్కలను ఉప్పునీళ్లలో ఉడికించి, గాజు సీసాలో పోసి, మూత గట్టిగా బిగించాను. నెల తరువాత మూత తీస్తే బుస్సుమని గాలి వచ్చింది. పారేస్తే నవ్వుతారని సిగ్గుపడి, పోపు పెట్టి అత్తకు వడ్డించాను. ఆ రోజు నాకు ఒక్కపొద్దు.

“బాగుంది బిడ్డా, ఇంకొంచెం ఎయ్యి” అంది.

మర్నాటికి అత్త రెప్పలు వాలిపోయాయి, మాట ముద్దగా వచ్చింది.

“నిన్న ఏం తిన్నావమ్మా?” అని డాక్టరు అడిగాడు.

నేను నోరు తెరవలేదు. అత్త నా వైపు తిరిగి, “మజ్జిగన్నమే నాయనా” అంది.

ఆ సాయంత్రమే పోయింది.

నిజం చెప్పి ఉంటే బతికేదేమో. ఆమెకు తెలిసే అట్లా అన్నదా? మా ఆయనకైనా చెప్పని ఈ మాట ఇన్నేళ్లుగా నన్ను నిద్రపోనివ్వడం లేదు.