పెండ్లి కాలేదన్న సాక్ష్యం

ఎనభై ఆరు నాటి ముచ్చట. కోర్టు వాయిదా రోజు పొద్దున్నే నారాయణఖేడ్ రుక్కమ్మ గిల్టు పుస్తెలను పసుపుతాడుకు గుచ్చి, తన మెడలో తానే కట్టుకుంది. ఏ ఆడదానికైనా వచ్చిందా అటువంటి గతి!

బట్టల దుకాణం పంచాక్షరి ఆమెతో ఏడేళ్లు కాపురం చేశాడు. పెండ్లి మాటెత్తితే మాత్రం, "అవ్వ ఒప్పుకోవాలె గదనే" అని నీళ్లు నమిలేవాడు. అతని తల్లి చెన్నబసమ్మకు కూలి చేసుకునే కోడలు వద్దట, మనవడు మాత్రం కావాలట. ఎంత ఆశ! జాతర చూపిస్తానని వాళ్ల ఆరేళ్ల కొడుకు మల్లును తీసుకుపోయి తన ఇంట్లోనే పెట్టుకుంది. రుక్కమ్మ వెతుక్కుంటూ పోతే మొహం మీదే తలుపేసింది. పంచాక్షరి గుడ్లప్పగించి చూస్తూ నిలబడ్డాడు, దద్దమ్మ!

రుక్కమ్మ కొడుకు కోసం సంగారెడ్డి కోర్టుకెక్కింది. "పిల్లగాడంటే తండ్రి సొత్తు. లగ్గమైందని చెప్పకుంటే నీకెవరు ఇస్తరే?" అని వాడకట్టంతా భయపెట్టింది. ఆమె వకీలు దేవానందం మాత్రం, "ఉన్నదున్నట్టు చెప్పమ్మా, చాలు" అన్నాడు. ఆమెకు నమ్మకం కుదరలేదు. అందుకే ఆ తాడు.

ముందు పంచాక్షరి బోనెక్కాడు. కోడలని ఒప్పుకుంటే దుకాణంలో వాటా అడుగుతుందని తల్లి నూరిపోసి పంపింది. "గీమె నా పెండ్లాం గాదు సార్! మా జంగమయ్య రాలే, అక్షింతలు పడలే" అన్నాడు. పెండ్లిళ్లు చేసే ఆ జంగమయ్యను కూడా తెచ్చి అదే చెప్పించాడు.

ఇక రుక్కమ్మ వంతు. "మెడలో ఆ తాడు ఎవరు కట్టారు?" అని అవతలి వకీలు అడిగాడు. వెనక బెంచీ మీద, నాయనమ్మ పక్కన కూర్చున్న మల్లు తల్లినే చూస్తున్నాడు. వాడు చూస్తుండగా అబద్ధం నోటికి రాలేదు. తాడు పుటుక్కున తెంపేసింది.

"నేనే కట్టుకున్న సారూ! పెండ్లి కాలే. గని కన్నది నేను, సాకింది నేను! నా కొడుకును నాకియ్యుండ్రి!"

చెన్నబసమ్మ పకపకా నవ్వింది. అప్పుడు లేచాడు దేవానందం! పెండ్లైనవాళ్ల బిడ్డకైతే ముందు తండ్రి, పెండ్లి కాని తల్లిదండ్రుల బిడ్డకు చట్టప్రకారం ముందు సంరక్షకురాలు తల్లే, పెండ్లి కాలేదని ఇద్దరూ ఒప్పుకున్నారు కదా అన్నాడు. జడ్జి తలూపి, పిల్లవాణ్ణి తల్లికి అప్పగించమన్నాడు. ముసలిదాని నవ్వు నోట్లోనే ఆగిపోయింది.

మల్లు చెయ్యి పట్టుకుని బయటికొచ్చిన రుక్కమ్మకు వరండాలో పంచాక్షరి రొప్పుతూ అడ్డం వచ్చాడు. "రుక్కీ, లోపలికి పా! లగ్గమైందని చెబుదాం. ఇయ్యాల్నే జంగమయ్యతోని అక్షింతలేపిస్త, పుస్తె కడత. అవ్వ గూడ సరేనన్నది!"

ఏడేళ్లు ఆ మాట కోసమే కళ్లు కాయలు కాచేలా చూసింది. ఇప్పుడు వింటే ఒళ్లు మండిపోయింది.

"పుస్తె నాకోసం కడతవా, నా కొడుకు కోసమా?"

పంచాక్షరి తల్లి కోసం వెనక్కి తిరిగి చూశాడు.

రుక్కమ్మ అంత పిల్లవాణ్ణీ ఎగరేసి చంకనెత్తుకుంది. "ఖేడ్ బస్సు పోతది బిడ్డా, గట్టిగ పట్టుకో!" అంటూ ఉరికింది.