మామిడితోటకి నేను చేసిన బెల్లు

ముందే చెబుతున్నాను, నేను చదివింది ఐదో తరగతి. రాయడం ఇదే మొదలు. ఒత్తులూ దీర్ఘాలూ తప్పితే నవ్వకండి. దయ్యాలను నేనెప్పుడూ నమ్మలేదు. జరిగింది మాత్రం చెబుతాను.

మాది ముసునూరు దగ్గర ఊరు. మా ఆయనకి నూజివీడులో సెల్ రిపేరు షాపు. పక్కన కూర్చుని నేనూ టంకం వేయడం నేర్చుకున్నాను.

మా మామయ్యకి షుగరు. కాయ కోసే రోజుల్లో తోట వదిలి రారు. అక్కడ ఫోనుకి సిగ్నలు అందదు. అందుకని ఒక బెల్లు చేశాను. తోటపాకలో గుంజకి బటన్ డబ్బా, మా వంటింట్లో రిసీవర్. రెండింట్లోనూ వేలెడంత రేడియో ముక్క, దానికి జానెడు తీగ ఏరియల్. రెండు వైపులా కోడ్ కలిస్తేనే మోగుతుంది. ఆ కోడ్ పెట్టింది నేనే.

"ఏమ్మా, నన్ను గేదెని చేసి గంట కడతావా?" అన్నారు మామయ్య.

"గంట మన ఇంట్లో మోగుద్ది మామయ్యా, మీ మెడలో కాదు," అన్నాను.

ఒక ఆదివారం చర్చి నుంచి వచ్చి అన్నం వారుస్తుంటే బెల్లు మోగింది. ఆగకుండా మోగింది. ఇద్దరం బండి మీద వెళ్లాం. మామయ్య చెట్టు కింద పడి ఉన్నారు. ఒళ్లంతా చెమట, మాట లేదు. వెంటనే ఆసుపత్రికి తీసుకెళ్లాం. షుగరు బాగా పడిపోయింది, ఇంకాస్త ఆలస్యమైతే దక్కేవారు కాదన్నారు డాక్టరు.

తేరుకున్నాక మా ఆయన, "బెల్లు నొక్కావు, బతికావు నాన్నా," అన్నారు.

"నేనెక్కడ నొక్కానురా? పాక దాకా పోలేకపోయా. అయినా అందులో బ్యాటరీ ఏది? చర్చిలో మైకు ఆగిపోయిందని పొద్దున్నే చర్చివాళ్లు వచ్చి అడిగితే తీసిచ్చా."

ఆ మైకులోనే నేను ప్రసంగం విని వచ్చాను.

సాయంత్రం డబ్బా విప్పాం. ఖాళీ. నేను ఎర్ర టేపు చుట్టిన బ్యాటరీ చర్చి మైకులోనే ఉంది. మైకు వల్ల మోగిందేమోనని దాన్ని ఆన్ చేసి రిసీవర్ పక్కనే పెట్టాం. మోగలేదు. అవీ రేడియోతోనే పనిచేస్తాయి కదా అని తెలిసినవాళ్ల కార్ల రిమోట్లన్నీ తెచ్చి నొక్కాం. మోగలేదు.

దేవుడే నొక్కాడన్నారు చర్చిలో. పోయిన మీ అత్తయ్యే నొక్కిందంది పక్కింటి పిన్ని.

మామయ్య మాత్రం ఇంటికొచ్చిన ప్రతివాళ్లనీ వంటింట్లోకి తీసుకెళ్లి, "మా కోడలు చేసింది. బ్యాటరీ లేకపోయినా మోగుద్ది," అంటారు. సిగ్గేస్తుంది, అయినా వినాలనే ఉంటుంది.

ఎవరు నొక్కారో నాకు ఈ రోజుకీ తెలియదు. ఎవరు నొక్కినా నా బెల్లు పలికింది. టంకాలు సరిగ్గానే వేశాను. అక్షరాల్లో తప్పులుంటే మన్నించండి.