చివరి వరుసకు వినబడిన గొంతు

ఆ నటి గురించి ఈ మధ్య వస్తున్న వ్యాసాలన్నీ ఒకే పొరపాటును ఒకదాని నుంచి మరొకటి ఎత్తి రాసుకుంటున్నాయి. ఢిల్లీలో ఆమె తెలుగు నాటకం ఆడిన సాయంత్రం మొదటి మాట నుంచే చప్పట్లు మోగాయట. ఆ సాయంత్రం రంగనిర్వహణ బాధ్యత నాది. జరిగింది అది కాదు. చూసినవాడు రాయకపోతే విన్నవాళ్ల మాటే నిలిచిపోతుంది కనుక రాస్తున్నాను.

ఆమె ఢిల్లీలోనే పుట్టి పెరిగారు. కాలేజీ రోజుల్లో హిందీ రంగస్థలం మీద రాణి వేషాలూ బిచ్చగత్తె వేషాలూ వేశారు. ఒకసారి ముసలి జమీందారుగా కూడా నిలబడ్డారు. తరువాత తెలుగు సినిమాల్లో లాయరు, మంత్రగత్తె, నవ్వించే అత్తగారు, ఏ పాత్ర ఇచ్చినా ఒదిగిపోయారు. అయితే గొంతు బొంగురనీ, తెలుగులో హిందీ యాస ఉందనీ, దర్శకులు ప్రతిసారీ ఒకే డబ్బింగ్ కళాకారిణి చేత మాటలు చెప్పించారు. తెలుగువాళ్లకు ఆమె ముఖమే తెలుసు.

వెబ్ సిరీస్ షూటింగుకని గురుగ్రామ్‌లో ఉన్న రోజుల్లో, మా తెలుగు సంఘం నాటకంలో తల్లి వేషం వేస్తానని ఆమే అడిగారు. అధ్యక్షుడు పొంగిపోయి, ఆ డబ్బింగ్ కళాకారిణి చేత సంభాషణలన్నీ ముందే రికార్డు చేయించాడు.

"జనానికి అలవాటైన గొంతే వినిపిద్దాం మేడమ్. మీరు పెదాలు కదిపితే చాలు. రిస్కెందుకు?"

"ఇన్నేళ్లూ పెదాలే నటించాయండీ. గొంతుకి కూడా ఒక వేషం ఇవ్వరా?" ఆమె నవ్వుతూనే అన్నారు. "కుదరదంటే ఠీక్ హై, ఆ స్పీకరుకే చీర కట్టి నిలబెట్టండి."

చివరికి ఒక ఒప్పందం కుదిరింది. ఆమె సొంత గొంతుతోనే మొదలుపెడతారు. చివరి వరుసలో కూర్చునే నాకు మాట వినబడకపోతే నేను చెయ్యి ఎత్తాలి. సౌండ్ చూసే మనిషి రికార్డు పెడతాడు.

"అదే జరిగితే ఇక స్టేజి ఎక్కను అంకుల్," అన్నారామె నాతో.

"వినబడకపోతే ఎత్తుతానమ్మా."

"తెలుసు. అందుకే మీ చేతికి ఒప్పుకున్నాను."

ఆ రోజు హాలు నిండింది. ఏసీ హోరు రిహార్సల్ నాటి కంటే ఎక్కువగా ఉంది. తెర లేచింది. ఆలస్యంగా ఇల్లు చేరిన కొడుకుతో తల్లి మొదటి మాట అంది.

నా ముందు వరుసలో జియా సరాయ్ కోచింగుల్లో చదివే తెలుగు విద్యార్థులు కదిలారు.

"అరే, ఈవిడ గొంతు ఇదేంట్రా?"

"జలుబేమో."

"కాదు భయ్యా, డూపుని పెట్టారు."

నవ్వు ముందు వరుసలకు పాకింది. ఆమె ఆగిపోయారు. అధ్యక్షుడు వంగి నడుస్తూ నా దగ్గరికి వచ్చాడు.

"చెయ్యెత్తండి సార్."

"మాట వినబడింది."

"నవ్వుతున్నారు సార్."

"నవ్వితే ఎత్తాలని అనుకోలేదు. వినబడకపోతే అనుకున్నాం."

"ఇప్పుడా మీ రూల్సు?"

అతడు తానే చెయ్యి ఊపాడు. సౌండ్ మనిషి నా వైపే చూస్తున్నాడు. నేను చేతులు మోకాళ్ల మీదనే ఉంచాను. నా భయం వేరు. ఆ నవ్వు ఇంకాస్త పెరిగితే ఆమె మాట నిజంగానే మునిగిపోతుంది. అప్పుడు ఒప్పందం ప్రకారం చెయ్యి ఎత్తక తప్పదు.

ఆమె తొందరపడలేదు. కొడుకును చూడవలసిన చూపుతో నవ్వుతున్న వరుసలను చూస్తూ నిలబడ్డారు. నవ్వు పలచబడ్డాక, గొంతు పెంచకుండా, అదే మాట మళ్లీ అన్నారు.

"అన్నం చల్లారిపోయింది. వేడి చెయ్యనా?"

నా ముందున్న వాళ్లలో ఒకడు పక్కవాణ్ణి మోచేత్తో పొడిచి "ఆగరా" అన్నాడు. కొడుకు పాత్రధారి జవాబిచ్చాడు. నాటకం సాగింది. మొదటి చప్పట్లు రెండో రంగం చివరనే వచ్చాయి. రికార్డు వాడలేదు.

తరువాత ఆమె ముఖం తుడుచుకుంటూ అడిగారు.

"వెనక్కి వినబడ్డానా అంకుల్?"

"వినబడ్డారు. మూడో రంగంలో ఒక వాక్యం వదిలేశారు."

"అచ్ఛా, అది కూడా వినబడిందా?"

ఆ తరువాత తెలుగులో ఆమె చేసిన ప్రతి పాత్రకూ ఆమే మాట చెప్పుకున్నారు. వేరే గొంతు పెడతామన్న చోట వేషమే వదులుకున్నారు.

రంగాల వరుసలోనూ, ఎవరు ఏమన్నారన్న దానిలోనూ నా జ్ఞాపకం తడబడి ఉండవచ్చు. ఆ సాయంత్రం ఆ హాలులో ఉన్నవారు, ముఖ్యంగా నవ్వినవారు, ఇందులో తప్పు కనబడితే మొహమాటపడక దిద్దవలసిందిగా కోరుతున్నాను.