హెల్మెట్ తీసిన క్షణం

తెలంగాణ ఉద్యమం ఉధృతంగా సాగుతున్న రోజులవి. గుంటూరు నుంచి వచ్చి లింగంపల్లి హాస్టల్లో ఉంటూ, గచ్చిబౌలిలో అంతర్జాతీయ పోటీల కోసం కట్టిన పెద్ద హాకీ స్టేడియంలో గోల్‌కీపర్‌గా సాధన చేసేదాన్ని. బంద్ రోజు మధ్యాహ్నం ఎవరో కొట్టిన బంతి ఎగిరి గేటు బయట పడింది. కాళ్లకు లావుపాటి ప్యాడ్లు, ముఖానికి జాలీ హెల్మెట్, చేతిలో స్టిక్‌తో అలాగే వెళ్లాను.

లాఠీచార్జి తప్పించుకుని పరుగెత్తుకొస్తున్న యువకులు నన్ను చూసి ఆగిపోయారు.

"ఈడ గూడ పోలీసోడు ఉన్నడురా! కొట్టుండ్రి!"

అందరి చేతుల్లోకీ రాళ్లొచ్చాయి. నోరు విప్పితే నా యాస బయటపడుతుంది. ప్యాడ్లతో పరుగెత్తలేను. హెల్మెట్ లాగేశాను. జడ భుజం మీద పడింది.

"పోలీసును కాదండీ... గోల్‌కీపర్‌నండీ!"

ఆ 'అండీ'తో నా గుంటూరు యాస బయటపడనే పడింది. ముందున్న అతని నుదుటి నుంచి రక్తం కారుతోంది. రాయి వదిలేసి రోడ్డు మీదే కూలబడ్డాడు.

"గిట్ల తయారై బయటికొస్తరా చెల్లె? పానం పోయినంత పనైంది" అన్నాడు.

ఇన్నేళ్లలో నన్ను చూసి అంతగా భయపడ్డ మనిషి అతనొక్కడే. నేను అంతగా భయపడిందీ అతన్ని చూసే.