ఎడమ చేతి అతుకు

పోయిన నెల మా అక్క మనవరాలు తన నిశ్చితార్థానికి జాకెట్టు కొనుక్కుంటానని నన్ను ఖమ్మంలో ఒక బట్టల దుకాణానికి వెంటబెట్టుకుపోయింది. దుకాణం అనకూడదట, బొటిక్ అనాలట. లోపలంతా చల్లటి గాలి, నిలువెత్తు అద్దాలు, తలలు లేని బొమ్మలకు తొడిగిన జాకెట్లు. ఒక్కోదానికి వేలాడే చీటీ మీది ధర పెడితే మా రోజుల్లో పెళ్లివారందరికీ బట్టలు పెట్టి, మిగిలినదానితో లడ్డూలు చేయించేవాళ్లు. వాటిలో ఒక బొమ్మ ముందు నా కాళ్లు ఆగిపోయాయి. మామిడిపండు రంగు పట్టు జాకెట్టు. ఎడమ చేతికి, అంచుకు నాలుగు వేళ్ల పైన, ఆకుపచ్చ గుడ్డతో నాలుగు పలకల అతుకు. కుడి చేతికి ఏమీ లేదు. అక్కడి అమ్మాయి దగ్గరికొచ్చి, "డిజైనర్ పీస్ ఆంటీ, ఒక్క చేతికే ప్యాచ్ వేసే ఐడియా ఇంతవరకు ఎవ్వరికీ రాలే" అంది. నాకు వచ్చిన నవ్వు దగ్గులోకి దిగి, దగ్గు కళ్లనీళ్లలోకి దిగి, చివరికి వాళ్లు నన్ను కుర్చీలో కూర్చోబెట్టి మంచినీళ్లు తాగించాల్సి వచ్చింది. ఎందుకు నవ్వానో ఆ పిల్లలకు చెప్పలేకపోయాను. నా ఈడు వాళ్లకైతే చెప్పవచ్చు, ఆది జాకెట్టు అంటే ఏమిటో మీకు వేరే చెప్పనక్కర్లేదు గనుక.

నేను బడి ముఖం చూడలేదు. ముదిగొండ దగ్గర మా ఊళ్లో, ఇంట్లోనే తాతయ్య నాకు అక్షరాలు నేర్పాడు. ఆయన పద్ధతి ఒక్కటే, రామాయణం పుస్తకంలో ఉన్న వరుసను చూసి ఉన్నది ఉన్నట్టు పలక మీద దించాలి. అర్థం తర్వాత అడగాలి. పుస్తకంలో ఒకచోట చెదపురుగు చేసిన చిల్లు ఉంటే దాన్ని సున్న అనుకుని నేను అది కూడా దించానని ఆయన చనిపోయేదాకా వచ్చినవాళ్లందరికీ చెప్పుకుని నవ్వేవాడు. కుట్టుపనీ అలాగే వచ్చింది. మా మేనత్త పాత జాకెట్లు విప్పించి, ఆ ముక్కలను కాగితం మీద పెట్టి గీయించి, మళ్లీ కుట్టించేది. పిల్లల్లేని ఆ తల్లి పోయే ముందు తన కుట్టుమిషను నాకిచ్చి వెళ్లింది. ఇప్పటికీ దీపం పెట్టేటప్పుడు దేవుడి తర్వాత ఆమెనే తలుచుకుంటాను.

ఆ మిషనుతోనే నేను కొత్తగూడెం దగ్గరి బొగ్గుగని కాలనీకి కాపురానికి వచ్చాను. మా ఆయన గనిలో దిగి, పైకప్పు కూలకుండా దుంగలు నిలబెట్టే పని చేసేవాడు. రెండు గదుల క్వార్టర్‌లో మిషను పెడితే మంచానికి చోటు లేదు, మంచం వేస్తే మిషనుకు లేదు. అత్తమ్మకు మాత్రం ఆ మిషనును పెనుబల్లిలో ఉన్న మా ఆడబిడ్డకు పంపాలని ఉండేది. మనిషి చెడ్డది కాదు, కూతురి మీద ప్రేమ. ఒకరోజు మా ఆయన ముందరే తేల్చి చెప్పేసింది.

"కుట్టుకో పిల్లా, నేనొద్దన్ననా? కానీ ఒక్క రైక వాపసొచ్చిందనుకో, మిషను పెనుబల్లి పోద్ది. ఆది ఎట్లుంటే గట్లనే కుట్టు. నీ తెలివి అందుల కలపకు."

నా తెలివి కలపకపోవడం నాకు చిన్నప్పటినుంచీ అలవాటే గనుక సంతోషంగా ఒప్పుకున్నాను.

ఆ రోజుల్లో టేపుతో కొలిపించుకోవడం మా కాలనీ ఆడవాళ్లకు నామోషీ. ఒంటికి బాగా కుదిరిన పాత జాకెట్టు ఒకటి ఆదిగా తెచ్చి ఇచ్చేవాళ్లు. దాన్ని చూసి కొత్తది కుట్టి, రెండూ కలిపి మడతపెట్టి ఇవ్వాలి. ఆది చేతికొస్తే చాలు, ఆ మనిషి ఏడాది కథంతా తెలిసిపోయేది. పక్క కుట్లు విప్పి వదులు చేసి ఉంటే ఇంట్లో అంతా బాగుందని, లోపలికి పట్టి ఉంటే దవాఖానా చుట్టూ తిరిగిందని. ఇచ్చినావిడ చెప్పేది కాదు, కుట్టేది అడిగేది కాదు.

ఇక ఫ్యాషన్ల సంగతి. కొత్త మోజు ఏదైనా విజయవాడలో పుట్టి, ఖమ్మంలో కొన్నాళ్లు కాపురం చేసి, అక్కడివాళ్ల ముచ్చట తీరాక మా కాలనీకి వచ్చేది. దాన్ని తీసుకొచ్చేది ఓవర్‌మన్ భార్య. గనిలో ఓవర్‌మన్ అంటే ఒక షిఫ్టు మనుషులందరి చేతా పని చేయించే పెద్ద, పైన కాలనీలో ఆడవాళ్లందరి మీదా ఆయన భార్యదే పెత్తనం. నెలకోసారి ఖమ్మంలో చెల్లెలి ఇంటికి వెళ్లి వచ్చేది. ఆమె బస్సు దిగే వేళకు మా వీధి ఆడవాళ్లంతా ఏదో ఒక పని పెట్టుకుని గుమ్మాల్లోనే ఉండేవాళ్లు. ఆమె జాకెట్టు చేతులు మోచేయి దాకా వస్తే మా అందరి చేతులూ మోచేయి దాకా వచ్చేవి. బుట్ట చేతులతో దిగితే, మా పక్కింటి వదిన అప్పటికే కట్ చేసిన గుడ్డ తీసుకొచ్చి బుట్ట పెట్టమని ఏడ్చేది. లేని గుడ్డలో బుట్ట ఎక్కడినుంచి తెచ్చేది నేను?

అలాంటి ఓవర్‌మన్ భార్య ఒక శ్రీరామనవమికి నా గుమ్మం ఎక్కింది. కాలనీ ఆడవాళ్లమంతా ఒక బస్సు మాట్లాడుకుని భద్రాచలం కల్యాణానికి పోతున్నాం. ఆమె మామూలుగా కుట్టించుకునే దర్జీ ఊరెళ్లాడు. పసుప్పచ్చ పట్టు గుడ్డ, దాని మీద ముదురు ఎరుపు ఆది జాకెట్టు పెట్టి, "జల్దీ కావాలె పిల్లా. ఇది నాకు అచ్చు కుదిరిన రైక, అచ్చు గిట్లనే రావాలె" అని వెళ్లిపోయింది. అత్తమ్మ లోపలినుంచి, "ఇన్నవా?" అంది. విన్నాను.

ఆ ఆది ఎడమ చేతికి, అంచుకు నాలుగు వేళ్ల పైన, ఆకుపచ్చ గుడ్డ అతికి ఉంది. నాలుగు పలకలు, చుట్టూ చీమల బారులాగా చేతికుట్టు. లోపలికి తిప్పి చూశాను, లోపల కూడా అంతే గుడ్డ, అంతే కుట్టు. అతుకైతే పైన బాగుండి లోపల చింపిరిగా ఉండాలి కదా. ఇది రెండు వైపులా నగలాగా ఉంది. పైగా తొడుక్కునేది ఎవరు, ఖమ్మంనుంచి ఫ్యాషన్లు తెచ్చే మనిషి. నాకు ఇసుమంత అనుమానం కలగలేదు, ఆశ్చర్యం మాత్రం కలిగింది, రాముడి దయ వల్ల సరికొత్త మోజు మొదట నా చేతిలోనే పడిందని. అంత ఆకుపచ్చ గుడ్డ నా దగ్గర లేకపోతే, నా పెళ్లినాటి జాకెట్టు మడతలోనుంచి ముక్క కత్తిరించి, లోపలా బయటా పెట్టి, రెండు పూటలు కూర్చుని చేత్తో కుట్టాను. చెదపురుగు చిల్లు తర్వాత నేను అంత శ్రద్ధగా దించింది అదే.

బట్టలు అత్తమ్మే వాళ్లింట్లో ఇచ్చి వచ్చింది. మర్నాడు పొద్దున బస్సెక్కేటప్పుడు ఓవర్‌మన్ భార్యను చూసి నాకు చేతులు జోడించాలనిపించింది. చైత్రం ఎండలో అందరమూ కొంగులతో విసురుకుంటుంటే, ఆమె మాత్రం కొంగును ఎడమ భుజం మీదుగా మణికట్టు దాకా చుట్టుకుని, చెమటలు కారుతున్నా కదలకుండా కూర్చుంది. ఎంత నిష్ఠ అనుకున్నాను. ఆమె మధ్యమధ్య నావైపు చూసిన చూపులు మాత్రం అంత నిష్ఠగా లేవు. నాకు అర్థం కాలేదు, నవ్వి నమస్కారం పెట్టాను.

పాల్వంచ దాటాక అడవిలో ఒక మలుపు దగ్గర పశువుల మంద అడ్డొచ్చి డ్రైవరు గట్టిగా బ్రేకు వేశాడు. అందరమూ ముందుకు తూలాం. ఓవర్‌మన్ భార్య పడబోయి ఎడమచేత్తో పైన కడ్డీ పట్టుకుంది. కొంగు జారిపోయింది. కిటికీలోనుంచి ఎండ సరిగ్గా ఆ ఆకుపచ్చ ముక్క మీద పడింది.

"అక్కా! గిదేంది, కొత్త పట్టురైకకు అతుకేసుకున్నవ్?" అంది మా పక్కింటి వదిన.

అత్తమ్మ తల తిప్పి నన్ను చూసింది. ఆ చూపులో నా మిషను బండెక్కి పెనుబల్లి పొలిమేర దాటడం నాకు స్పష్టంగా కనిపించింది. అప్పుడు, అప్పటికి గాని, నా బుర్రకు వెలగలేదు, అది ఎప్పటినుంచో అతుకే అని. ఓవర్‌మన్ భార్య మాత్రం కడ్డీ వదల్లేదు. నావైపు ఒకసారి చూసి, వదిన వైపు తిరిగింది.

"అతుకా? నీ మొకం! ఖమ్మంల అందరు ఇప్పుడు గిట్లనే ఏస్తున్నరు. మీ దాంక రానీకి ఇంకో ఏడాది పట్టుద్ది."

అని కొంగు నడుముకు దోపి, భద్రాచలం వచ్చేదాకా ఆ చెయ్యి దించలేదు. సారపాక దాటి గోదావరి వంతెన మీదికి వచ్చేసరికి ముగ్గురు ఆ అతుకును పట్టి చూశారు, ఇద్దరు గుడ్డ ఎంత పడుతుందని నన్నడిగారు. అత్తమ్మ, "మా కోడలు రెండు రోజులు కూసోని చేత్తోని కుట్టింది" అని వెనక సీట్లకు కూడా వినిపించేట్టు చెప్పింది.

కల్యాణం చూసి, తలంబ్రాల గింజలు కొంగున ముడివేసుకుని గోదావరి మెట్ల మీద కూర్చున్నప్పుడు ఆమె వచ్చి నా పక్కన కూర్చుని, తొడపాశం పెట్టింది. ఇప్పటికీ గుర్తుండేటంత గట్టిగా.

"పిచ్చిదానా! ఇస్త్రీపెట్టెల నుంచి నిప్పుపడి కాలితే ఏసుకున్న అతుకే అది. కొంగు కిందుంటదని ఏసుకున్న. దాన్ని కూడా దించుతరా ఎవరన్న?"

నీళ్లలో మునుగుదామా అనుకున్నాను. క్షమించమని కాళ్లు పట్టుకోబోతే లాక్కుంది. కాలనీ గోడలకు చెవులుంటాయి గనుక నా మిషను సంగతి ఆమెకు ముందే తెలుసట. మెల్లగా చెప్పింది, తనకు గట్టి జాకెట్లు మొత్తం మూడేనని, ఖమ్మంలో చూసిన మోజును ఆ మూడింటికే విప్పి, కుట్టి, తిప్పి నెలనెలా కొత్తవి చేస్తున్నానని. ఓవర్‌మన్ జీతంలో సగం అత్తవారి ఊరికే పోయేదట. ఎవ్వరికీ చెప్పనని తలంబ్రాల మీద మాటిచ్చాను. ఆమె పోయిందో ఉందో తెలియని ఈ వయసులో, పేరు చెప్పకుండా ఇంతమందికి చెబుతున్నందుకు ఆ రాముడే నన్ను మన్నించాలి.

ఆ తర్వాత మా ఇంటి ముందు వరస కట్టారు. అందరికీ ఎడమ చేతికే కావాలి. చిన్నచిన్న గుడ్డముక్కలన్నీ, అదివరకు పొయ్యి తుడవడానికి పోయేవి, అత్తమ్మ రంగులవారీగా డబ్బాల్లో సర్దేది, గిరాకీ వస్తే తానే ముక్క ఎంచి ఇచ్చేది. తన తెలివి కలపడానికి ఆమెకేమీ అడ్డు లేదు. పెనుబల్లి మాట మళ్లీ ఎత్తలేదు, ఆడబిడ్డకు మిషను బదులు అతుకుల జాకెట్లు వెళ్లాయి. పాపం కష్టమంతా ఓవర్‌మన్ భార్యకే. ఆడిన మాట నిలబెట్టుకోవడానికి మిగిలిన జాకెట్లకు కూడా, చక్కగా ఉన్న చేతుల మీద, అతుకులు వేయించుకుంది.

కొన్ని నెలలకు ఆమె ఖమ్మంనుంచి బస్సు దిగి, ఇంటికి కూడా పోకుండా సరాసరి మా గుమ్మంలోకి వచ్చింది. ముఖం పాలిపోయి ఉంది. చెంబెడు మంచినీళ్లు తాగి అంది.

"ఖమ్మంల ఏస్తున్నరే పిల్లా! నా కళ్లతోని చూసిన. తిరుమలాయపాలెం నుంచి వచ్చినోళ్లు కూడ కుట్టించుకుంటున్నరు. మా చెల్లె నాకే చెప్పవట్టె, నీకు తెల్వదక్కా, ఇది కొత్తగొచ్చిందని."

మా కాలనీనుంచి ఎవరో తొడుక్కుపోయి ఉంటారు. ఖమ్మంనుంచి రావడమే తప్ప ఖమ్మానికి పోవడం తెలియని ఫ్యాషను ఆ ఒక్కసారి ఎదురు నడిచింది. ఇద్దరమూ తలుపు వేసుకుని, అత్తమ్మకు వినపడకుండా కొంగులు నోట్లో కుక్కుకుని నవ్వాం.

తర్వాత వాళ్లాయనకు వేరే గనికి బదిలీ అయింది. పోతూపోతూ ఆ ఎర్ర ఆది తెచ్చి నా దగ్గరే ఉంచమంది, కొత్త గుడ్డలు పంపిస్తానని. పంపలేదు. కొన్నేళ్లకు మా ఆయన రిటైరయ్యాడు, రెడీమేడ్లు వచ్చాయి, నా చేతులకు వణుకు వచ్చింది. ఏదీ దేవుడు తొందరపడి తీసుకోలేదు, నెమ్మదిగానే తీసుకున్నాడు, అందుకూ దండమే.

మొన్న బొటిక్ నుంచి వచ్చాక పెట్టె తీసి ఆ జాకెట్టు చూపిస్తే, మా అక్క మనవరాలు గంతులేసింది. అమ్మమ్మా, ఇది ఆ షాపువాళ్లకు చూపిస్తే అద్దాల బీరువాలో పెడతారంది. ఆ షాపులో ఈ పిల్లను రెండు నిమిషాల్లో టేపుతో కొలిచి, కొలతలను ఫోనులో పెట్టుకున్నారు. కొలత సరిగ్గానే ఉంటుంది, జాకెట్టు చక్కగానే కుదురుతుంది, కాదనను. కానీ తన పాత జాకెట్టును, దాని కుట్లతో, కాలిన చోట్లతో సహా ఇంకో ఆడదాని చేతిలో పెట్టి వెళ్లిపోయే ధైర్యం ఇక ఈ పిల్లలకు అవసరం పడదు. దాన్ని నోరు మూసుకుని దాచిపెట్టే పని మాలాంటివాళ్లకూ ఉండదు.

జాకెట్టు ఇవ్వనని చెప్పాను. ఆది ఎన్నాళ్లయినా ఇచ్చినావిడదే. ఎప్పుడైనా వచ్చి అడిగితే ఇవ్వాలి గనుక, ఏటా నవమికి ముందు ఒకసారి ఎండలో ఆరవేసి, మళ్లీ మడతపెడుతున్నాను. ఎరుపు వెలిసింది, పక్కలు జీర్ణమయ్యాయి. ఆమె వేసిన అతుకు మాత్రం ఒక్క పోగు కదలలేదు.