సిస్టరమ్మ చెప్పే ‘చాలు’

మాకు నర్సు పని నేర్పిన సిస్టరమ్మ పోయిందని కార్డు వచ్చింది. అది నేనుండే మందమర్రికి చేరేసరికే నాలుగు రోజులు గడిచాయి. దొరికిన బస్సు ఎక్కి ఆమె ఊరు చొప్పదండి వెళ్లాను గానీ, ఏం లాభం? చివరి చూపు కూడా దక్కలేదు.

కరీంనగర్‌ నర్సుల బడిలో మాకిచ్చిన పుస్తకంలో కాన్పులన్నీ ఎత్తైన బల్ల మీదే జరిగేవి. సిస్టరమ్మ ముందుగా ఊళ్లు తిరిగింది. మంత్రసానుల పక్కన కూర్చుని వాళ్లు చేసేది చూసింది. తిరిగొచ్చి మా పాఠాలన్నీ కొత్తగా రాసుకుంది, క్లాసులోంచి బల్ల తీయించేసింది.

“గుడిసెల బల్ల ఉంటదా బిడ్డా? చాప మీదనే నేర్సుకోవాలె. చెప్పుడు జరంత, చేసుడు దినమంత,” అంది.

పత్తి కూరి తనే కుట్టిన గుడ్డబొమ్మే మాకు పసిబిడ్డ. మోకాళ్లు పట్టుకుపోయేవి. లోలోపల ఆమెను తిట్టుకునేవాళ్లం కూడా, ఇప్పుడు దాచడం ఎందుకు?

నాకేమో పాఠాలన్నీ కంఠస్థం వచ్చునని కాస్త పొగరు. ఆఖరి పరీక్షనాడు చేతులు ఎలా కడుక్కోవాలో పొల్లు పోకుండా అప్పజెప్పి, బొమ్మను అందుకోబోయాను. సిస్టరమ్మ దాన్ని వెనక్కి తీసుకుంది.

“మంచిగనే చెప్పినవ్. మరి కడుక్కున్నవా?”

తలుపు పక్కనే బకెట్టూ సబ్బూ ఉన్నాయి. వాటిని దాటుకునే లోపలికొచ్చాను. ఆ ఏడు తప్పింది నేనొక్కదాన్నే.

తోటివాళ్లంతా ఉద్యోగం కాగితాలతో వెళ్లిపోయారు. ఖాళీ హాస్టల్లో నెలరోజులు నేనొక్కదాన్నే మిగిలాను. అన్నం మానేసి ఏడుస్తుంటే సిస్టరమ్మ తన డబ్బా తెచ్చి నా ముందు పెట్టింది.

“నిన్ను ఎల్లగొట్టలే. ఇంకా పంపలే, గంతే. పరేషాన్ గాకు, తిను.”

ఆ నెలంతా రోజూ పక్కన నిలబడి నా చేతులే చూసేది. సరిగ్గా కడిగానని తోచినప్పుడు “చాలు బిడ్డా” అనేది. అంతకుమించిన మెచ్చుకోలు ఆమె నోట నేనెన్నడూ వినలేదు. ఇప్పుడు నా దగ్గరా ఆడపిల్లలు పని నేర్చుకుంటున్నారు. వాళ్లకు ఏ పాఠం ఎలా చెప్పాలో తోచనప్పుడల్లా ఆమెకు కార్డు రాసేదాన్ని. ఇక ఎవరికి రాయను? ఇంతమంది మధ్య ఇంత ఒంటరినవుతానని అనుకోలేదు.

చావింటికి వచ్చి తిరిగి వెళ్లేవాళ్లు కాళ్లూ చేతులూ కడుక్కునేందుకు ఆమె ఇంటి గడప బయట బకెట్ పెట్టి ఉంది. వంగి మొదలుపెట్టాను. వేళ్ల సందులు, మణికట్లు, మోచేతులు. మళ్లీ వేళ్లు.

“ఎంతసేపు కడుగుతవమ్మా, నీళ్లన్నీ అయిపోయినయ్,” అంది సిస్టరమ్మ మరదలు.

తడి చేతులతో అలాగే నిలబడ్డాను. చాలు అని మాత్రం ఎవరూ అనలేదు.